ఉలవల కోర్టు

నా చిన్నప్పుడు నేను చేసిన తెలివితక్కువ పనులు చాలానే ఉన్నాయి గానీ, వాటిలో ఒకదానికి మాత్రం ఒక మోకాలు బలైంది. ఆ మోకాలు నాది కాదు. అదే బాధ. నాదైతే నాలుగు రోజులు ఏడ్చి మరిచిపోయేదాన్ని.

మాది సూళగిరి దగ్గర ఒక పల్లె. హోసూరు నుంచి కృష్ణగిరి పోయే బస్సులు మా ముఖాన దుమ్ము కొట్టి పోయేవే తప్ప చెయ్యెత్తితే ఆగేవి తక్కువ. మా వైపు బంతి అంటే రెండే రకాలు. పెళ్ళిలో విస్తళ్ళ ముందు కూర్చునే బంతి ఒకటి, చేలో పూసే బంతి ఇంకొకటి. మూడో బంతిని ఊళ్ళోకి తెచ్చింది మా పక్కింటి అక్క. ఆరడుగులకు రెండంగుళాలే తక్కువ మనిషి. హోసూరులో చదువుకుంటూ బాస్కెట్‌బాల్ నేర్చుకుంది, జిల్లా జట్టులో ఆడింది, పేపర్లో ఫోటో కూడా పడింది. ఆ ఫోటోలో ఆమె తల సగమే వచ్చింది. మిగతా సగం పై వార్తలోకి పోయిందనేవాడు మా నాయన.

ఆమె పుణ్యాన మా ఊరి బడిలో సిమెంటు కోర్టు వేశారు. దాన్ని చూడగానే అందరికీ ఆట గుర్తొస్తే, మా అవ్వకు కళ్ళం గుర్తొచ్చింది. అప్పటిదాకా మావాళ్ళు ఉలవచెట్లు పెరికి తెచ్చి పెద్ద రోడ్డు మీద పరిచేవాళ్ళు. లారీలు తొక్కిపోతే కాయలు పగిలి గింజలు రాలేవి. గింజలతో పాటు రాళ్ళూ వచ్చేవి.

"ఈడ చూడండమ్మా, అన్నం పెట్టుకొని తినొచ్చు. ఇంత సిమెంటు పెట్టుకొని రోడ్డుకు పోతామా?" అంది అవ్వ.

అది కోర్టు అవ్వా, అన్నాను.

"కోర్టంట! జడ్జీ యాడ కూర్చుంటాడు? ఆ గంపలోనా?" అని ఇనప రింగును చూపించింది.

అవ్వ నోటికి ఊరంతా తల ఊపింది. ఒక కట్టుబాటు మాత్రం చేసుకున్నారు. శని, ఆదివారాలు ఉలవలు పరుచుకోవచ్చు. ఆదివారం పొద్దు గూకేలోగా ఒక్క గింజ మిగలకుండా ఊడ్చెయ్యాలి. ఎందుకంటే సోమవారం పొద్దున్నే అక్క ఆడుతుంది.

ఆ ఆదివారం ఆరు ఇళ్ళ ఉలవలు పరిచారు. మూటలు కట్టుకొని పెద్దవాళ్ళు వెళ్ళిపోయాక ఊడ్చే పని ఆ ఇళ్ళ ఆడపిల్లలది. ఆరుగురం, ఆరు పొరకలు. పడమటి రింగు కింది భాగం నాకొచ్చింది. అప్పుడు నాకు పన్నెండేళ్ళు. ఆదివారం సాయంత్రం టీవీలో సినిమా వస్తుంది. టీవీ ఉన్నది ఊరంతటికీ ఒకే ఇంట్లో. ఆలస్యమైతే గడప బయట నిలబడి ఎవరి తలకాయల వెనక నుంచో చూడాలి. నేను సగం పొరకతో ఊడ్చాను, మిగతా సగం కళ్ళతో ఊడ్చాను. పొరక మూలన పడేసి పరుగెత్తాను. సినిమా బాగుంది. అందులో ఏం జరిగిందో ఈ రోజుకూ ఒక్క ముక్క గుర్తులేదు.

మర్నాడు మంచు ఇంకా విడవలేదు. అక్క ఆడుతుంటే బయటికి పోయిన బంతిని తెచ్చివ్వడానికి మేం ఆరుగురం ఎప్పటిలాగే గట్టున కూర్చున్నాం. ఇంకో పది రోజుల్లో ఆమె చెన్నై పోవాలి. రాష్ట్ర జట్టుకు ఎంపిక. అక్క తూర్పు నుంచి బంతి కొట్టుకుంటూ వచ్చింది, పడమటి రింగు కింద లేచింది, బంతి వేసింది, దిగింది. దిగిన కాలు నిలబడలేదు. పచ్చికట్టె విరిచినట్టు ఒక చప్పుడు వినపడింది. ఆమె అరవలేదు. "అమ్మా" అని మెల్లగా, లోపలింట్లో ఉన్న మనిషిని పిలిచినట్టు అంది. బంతి మాత్రం ఏమీ ఎరగనట్టు దొర్లుకుంటూ వచ్చి నా కాళ్ళ దగ్గర ఆగింది.

మేం చుట్టూ మూగాం. ఆమె అరచేతికి నాలుగు ఉలవలు అంటుకొని ఉన్నాయి. వాటిని చూసింది, తర్వాత మమ్మల్ని చూసింది.

"ఈడ ఊడ్చింది ఎవురే?"

"నాకు తెలీదక్కా" అన్నాను.

ఆమె కాలు జారింది, నా నోరు మాత్రం జారలేదనుకున్నాను. వాళ్ళింటివాళ్ళు అక్కకు బెంగళూరులో కట్టు కట్టించుకొని వచ్చారు. నడుస్తుంది గానీ ఎగరకూడదన్నాడంట డాక్టరు. చెన్నై పోయేదానికి కొన్న కొత్త బూట్లు వాళ్ళ వసారాలో ఎండకు ఎండుతుండేవి. ఆ ఇంటి ముందు నుంచి పోలేక నేను బడికి చెరువు వైపు చుట్టు తిరిగి పోయేదాన్ని. రోడ్డు మీద పోలీసు జీపు ఆగితే నా కోసమే అనుకునేదాన్ని. అవ్వ పేరు పెట్టి పిలిస్తే దొడ్లోకి జారుకునేదాన్ని.

మూడు నెలల తర్వాత అక్క చేతికర్ర పట్టుకొని కోర్టుకు వచ్చింది. ఇనప కుర్చీ వేయించుకొని, సరిగ్గా మా ఆరుగురినీ పిలిపించింది. దొరికిపోయాననుకున్నాను.

"చెప్పులు విడవండి. భుజానికి భుజం తగిలేటట్టు నిలబడండి. ఈ రింగు కింద నుంచి ఆ రింగు దాకా కాళ్ళు ఈడ్చుకుంటా పోండి. కాలికి ఏం తగిలినా నాకు తెచ్చియ్యండి" అంది.

మేం అలాగే పోయాం. దొరికిన గింజనూ రాయినీ ఆమె ఒక అగ్గిపెట్టెలో వేసుకుంది. ఆ తర్వాతే బంతి మా చేతికిచ్చింది. మర్నాడూ అంతే. ప్రతి రోజూ అంతే. ఆ అగ్గిపెట్టెను చెవి దగ్గర పెట్టి ఒకసారి ఆడించి చూసేది. ఆ గలగల నాకు తప్ప ఎవరికీ వినపడదనుకునేదాన్ని. దొంగ కోసం సాక్ష్యాలు పోగు చేస్తోందని నా నమ్మకం. అవ్వ అడిగిన జడ్జీ రానే వచ్చింది, గంపలో కాకుండా కుర్చీలో కూర్చుంది.

అది చాలదన్నట్టు ఆట అయ్యాక అందరికీ ఉడికించిన ఉలవ గుగ్గిళ్ళు పెట్టేది. మిగతా ఐదుగురూ దోసిళ్ళు పట్టి తినేవాళ్ళు. నాకు ఒక్కో గింజా గొంతులో అడ్డం పడేది.

"ఏమ్మే, ఉప్పు చాల్లేదా?" అనేది అక్క నా మొహంలోకి చూస్తూ.

"బాగుందక్కా" అనేదాన్ని. కళ్ళలో నీళ్ళు తిరిగేవి.

భయపడి పరుగెత్తేవాళ్ళకు అలుపు రాదు. అక్క కళ్ళలో పడకూడదని కోర్టు ఈ మూల నుంచి ఆ మూలకు పారిపోయేదాన్ని. ఎదుటివాళ్ళకు దొరక్కుండా అలా ఖాళీలోకి పోవడానికి ఆటలో మంచి పేరే ఉందని తర్వాత తెలిసింది. ఐదుగురూ ఒకరొకరుగా మానేశారు. నేను మానలేకపోయాను. మానితే అనుమానం వస్తుంది కదా.

అక్క వ్యాయామ విద్య చదివి, కృష్ణగిరిలో ఒక ఆడపిల్లల కాలేజీలో కోచ్‌గా చేరింది. నాకు ఆ కాలేజీలోనే సీటు వచ్చింది. అంటే నా కేసు పై కోర్టుకు పోయింది. అక్కడా అదే వరస: చెప్పులు విడవడం, కాళ్ళు ఈడ్చడం, అగ్గిపెట్టె, గుగ్గిళ్ళు. మూడో ఏడు కాలేజీల ఫైనల్ నాటి పొద్దున ఆమె నన్ను కెప్టెన్ చేసింది. ఎనిమిదేళ్ళుగా మింగిన ఉలవలన్నీ ఒక్కసారి పైకొచ్చినట్టయింది. చెప్తే జట్టులోంచి తీసేస్తుంది. చెప్పకపోతే ఆ రింగు కింద నా కాలు లేవదు. పోయి ఆమె ముందు నిలబడ్డాను.

"అక్కా, ఆ పొద్దు ఆ రింగు కింద ఊడ్చాల్సింది నేనే. సినిమాకు పోయినాను."

ఆమె నీళ్ళ సీసాలు నింపుతోంది. చెయ్యి ఆగలేదు.

"తెలుసు."

"ఎప్పుడు తెలిసింది?"

"ఆ పొద్దే. నేను ఆరుగుర్నీ అడిగినాను. తెలీదని చెప్పింది నువ్వొక్కదానివే."

"మరి ఇన్నేండ్లూ ఒక్క మాటైనా అనలేదే అక్కా!"

"అనుంటే నువ్వు మళ్ళీ కోర్టు తట్టు వస్తావా? భయపడైనా వస్తావులే అని ఊరికే ఉన్నాను." సీసాకు మూత బిగించింది. "నేను ఆడేటప్పుడు బంతినే చూసినాను గానీ కింద ఏముందో చూసినానా? నువ్వు ఊడ్చలేదు, నేను చూసుకోలేదు. ఇప్పుడు కింద చూసేది నా పని. నువ్వు పైన చూసుకో, పో."

నాలుగడుగులు వేసి వెనక్కి తిరిగాను. "మరి ఆ గుగ్గిళ్ళు?"

"అవా? అవి నీ మొగం చూసేదానికి పెడతా ఉంటి" అని, నేను ఎన్నడూ చూడనంతగా నవ్వింది.

ఆ రోజు మేం గెలిచాం. నాకు గుర్తున్నది గెలుపు కాదు, ఎనిమిదేళ్ళ తర్వాత రొమ్ము నిండా పీల్చిన గాలి. ఆమె పోగొట్టుకున్న ఆటను నేను తిరిగి ఇవ్వలేను. ఆమె కూడా ఎన్నడూ అడగలేదు. భయపడిన పిల్లను భయంతో సహా దగ్గర ఉంచుకోవడం ఎలాగో మాత్రం నేర్పింది.

ఇప్పుడు నా జుట్టూ నెరిసింది. హోసూరులో ఒక కాలేజీలో నేనే కోచ్‌ని. తప్పు చేసిన పిల్ల అబద్ధమాడితే నాకు వెంటనే తెలిసిపోతుంది. అందరినీ అడిగితే ముందుగా జవాబు చెప్పేది ఆ పిల్లే. నేనూ తెలియనట్టే ఉండి, మర్నాడు కూడా కోర్టుకు రమ్మంటాను.

పోయిన ఏడు మా కాలేజీలో కొత్త కోర్టు వేస్తే అక్కను ముఖ్య అతిథిగా పిలిచాను. ఆ పొద్దున పొరక పట్టి కోర్టంతా ఊడ్చింది నేనే. పట్టుచీరతో, మెరిసే చెప్పులతో వచ్చింది. రిబ్బను కత్తిరించబోతుంటే ఆపాను.

"చెప్పులు విడవండక్కా."

పిల్లలతో భుజం కలిపి, మొండి మోకాలితో కాలు ఈడ్చుకుంటూ నడిచింది. పడమటి రింగు కిందికి వచ్చేసరికి ఆగింది. మోకాలు వంగదు గదా, దొరికిన దాన్ని బొటనవేలితో నొక్కిపట్టి నన్ను పిలిచింది. నేనే వంగి తీశాను. ఒక్క ఉలవ.

"ఈడ ఊడ్చింది ఎవురే?" అంది అక్క.

నేనూ ఎప్పుడూ దగ్గర ఉంచుకునే అగ్గిపెట్టె తెరిచి ఆమె ముందు పట్టుకొని, ఈసారి కళ్ళలోకి చూస్తూ చెప్పాను.

"నాకు తెలీదక్కా."