ఎవరి పడవలో ఎవరు

సుందర్ రాజ్‌కు రవికుమార్ అంటే గిట్టదు. ఆ సంగతి టెక్సాస్‌లోని కాపెల్ తెలుగు చర్చిలో ఎవరికీ తెలియదు, రవికుమార్‌కు అసలే తెలియదు. కనిపించినప్పుడల్లా "ప్రైజ్ ద లార్డ్ అన్నా" అంటూ రెండు చేతులూ పట్టుకుని ఊపేస్తాడు. సుందర్ రాజ్ మొహానికి నవ్వు పులుముకుని "ప్రైజ్ ద లార్డ్ తమ్ముడూ" అంటాడు. లోపల మాత్రం కుతకుత ఉడికిపోతుంటాడు.

ఉడకడానికి కారణం కీబోర్డు. రవికుమార్ చర్చిలో కీబోర్డు వాయిస్తాడు. సుందర్ రాజ్ భార్య విమలకుమారి పాడుతుంది. ప్రతి శనివారం సాయంత్రం ప్రాక్టీసు. రవికుమార్‌ది ఒంగోలు, భార్య పోయిన మనిషి, పైగా ఒడ్డూ పొడుగూ ఉన్నవాడు. చర్చిలో ఉన్న ఆడవాళ్ళందరికీ అతని భోజనం గురించి బెంగే. విమలకుమారికీ బెంగే. ఇంట్లో చేపల పులుసు కాచిన రోజున ఒక డబ్బా విడిగా కట్టేది. ఆ డబ్బాలోకి తలకాయ ముక్క వెళ్ళిందో లేదో సుందర్ రాజ్ గిన్నెలో గరిటె తిప్పి చూసుకునేవాడు. ఒకసారి నిజంగానే వెళ్ళింది. ఆ రాత్రి అతనికి అన్నం సయించలేదు.

పెళ్ళైన కొత్తలో విమలకుమారి వంటింట్లో పాడుకుంటూ ఉండేది. ఎప్పుడు మానేసిందో సుందర్ రాజ్ గమనించలేదు. మానేసిందన్న సంగతి మాత్రం చర్చిలో ఆమె పాడటం మొదలుపెట్టాకే తెలిసింది. ఒకరోజు డ్రమ్స్ వాయించే కొడుకు ఎవాన్ కారులో కూర్చుని, "డాడీ, మామ్ అక్కడ చాలా బాగా పాడుతది. ఇంట్లో ఎందుకు పాడదు?" అని అడిగాడు. ఆ ప్రశ్న సుందర్ రాజ్ గుండెలో ముల్లులా దిగబడింది. ఇంట్లో పాడని గొంతు ఆ కీబోర్డు పక్కన మాత్రం ఎందుకు లేస్తోంది? అతనికి ఒక్కటే జవాబు తోచింది, ఆ జవాబుకు మీసాలున్నాయి.

ఇంతకీ సుందర్ రాజ్ చెడ్డవాడేమీ కాదు. నర్సాపురంలో లెక్కల మాస్టారి కొడుకు. మెయిన్‌ఫ్రేమ్ కంప్యూటర్లను నమ్ముకుని అమెరికా వచ్చి, ఆ కంప్యూటర్లు పాతబడినా తన ఉద్యోగం పాతబడకుండా కాపాడుకున్నవాడు. మంచు పడితే పక్కింటి ముసలాయన వాకిలి కూడా ఊడ్చేస్తాడు. అయితే ఒక్క విషయంలో మాత్రం కోతలు కోస్తాడు. టెక్సాస్‌లో ఏ చెరువు కనిపించినా పెదవి విరిచి, "ఇయ్యీ ఓ నీళ్ళేనా అండీ? మా గోదారి చూడాలి. నేను చిన్నప్పుడు పడవేసుకుని అవతలొడ్డుకెళ్ళి వచ్చేసేవోణ్ణి" అంటాడు. నిజానికి అతను గోదావరి దాటింది పంటు మీద, వందమంది జనం మధ్య, మోటారు సైకిళ్ళ పక్కన నిలబడి. రేవులో మోకాలి లోతు దాటి దిగితే వాళ్ళమ్మ వీపు విమానం మోత మోగించేది. అందుచేత ఈతా రాదు, తెడ్డూ తెలియదు. ఈ సంగతి విమలకుమారికి కూడా తెలియదు.

రెండు వేల పదకొండు మేలో చర్చిలో కొత్తగా చేరిన జోసఫిన్ ఒక ట్రిప్పు కదిపింది. జోసఫిన్ నర్సు, భీమవరం అమ్మాయి, నవ్విందంటే పార్కింగ్ లాట్ దాకా వినిపిస్తుంది. అరిజోనా ఎడారిలో పెద్ద సరస్సు ఉందట. గైడు వెంట వస్తారట. కయాక్ అనే సన్నటి పడవల్లో ఇద్దరిద్దరు కూర్చుని తెడ్లు వేసుకుంటూ కొండల మధ్య ఇరుకు సందుల్లోకి వెళ్ళాలట. నీళ్ళు అయిపోయిన చోట పడవలు దిగి నడవాలట. రవికుమార్ వెంటనే పేరిచ్చాడు. ఆ సాయంత్రమే విమలకుమారి, "మనం కూడా వెళ్దామండీ" అంది.

ఎక్కడికి తీసుకెళ్తే అక్కడికి రావడమే గాని, ఫలానా చోటికి వెళ్దామని ఆమె ఏనాడూ నోరు తెరిచి అడగలేదు. సుందర్ రాజ్‌కు ఒళ్ళు భగ్గున మండింది. వద్దంటే తనకు తెలిసిపోయిందని తెలిసిపోతుంది. సరేనంటే కళ్ళెదురుగా చూస్తూ కూర్చోవాలి. ఒక రాత్రంతా దొర్లి చివరికి సరేనన్నాడు. రెండు సీట్ల పడవ కదా! ముందు సీట్లో విమల, వెనక తను. రవికుమార్ ఎక్కడైనా చావనీ. గోదావరి బిడ్డ తెడ్డు వేస్తుంటే ఆమె చూడాలి. వెనక కూర్చున్నవాణ్ణి ముందున్న మనిషి చూడలేదన్న సంగతి అతనికి తట్టలేదు.

ఫీనిక్స్ దాకా విమానంలో వెళ్ళి, అక్కణ్ణుంచి వ్యాన్లు తీసుకుని బయలుదేరారు. దారి పొడుగునా ఎర్రమట్టి, ఎర్ర రాయి. మర్నాడు పొద్దున్నే సరస్సు ఒడ్డుకు చేరేసరికి గైడు అమ్మాయి ముక్కు మీద తెల్లటి లోషన్ రాసుకుని, రంగురంగుల పడవలు వరసగా పేర్చి సిద్ధంగా ఉంది. పాస్టరు గారు ప్రార్థన చేశారు. గైడు కూడా టోపీ తీసి తలవంచింది. ఆమెన్ అయ్యాక అసలు సంగతి చెప్పింది.

"మా దగ్గర ఒక రూల్ ఉంది. మొగుడూ పెళ్ళాలను ఒకే కయాక్‌లో కూర్చోనివ్వం. పొద్దున కలిసి ఎక్కినవాళ్ళు మధ్యాహ్నానికి లాయర్ కోసం వెతుక్కుంటారు."

అందరూ గొల్లుమన్నారు. అందరికంటే ముందు నవ్వింది విమలకుమారి. ఆ నవ్వు సుందర్ రాజ్‌కు నచ్చలేదు. గైడు మళ్ళీ, "నదిలో పడవ నడిపిన అనుభవం ఉన్నవాళ్ళెవరు?" అని అడిగింది. అనుభవం ఉన్నవాడికి రూల్ సడలిస్తుంది కాబోలనుకుని సుందర్ రాజ్ చెయ్యి ఆకాశానికి ఎత్తాడు. "గ్రేట్! ఈత రానివాళ్ళు?" అంది గైడు. రవికుమార్ సిగ్గుపడుతూ చెయ్యెత్తాడు. సుందర్ రాజ్ రెండో చెయ్యి ఎత్తాల్సింది, ఎత్తలేదు.

అలా ఆ ఇద్దరూ ఒకే నీలం కయాక్‌లోకి వచ్చిపడ్డారు. రవికుమార్ ముందు, సుందర్ రాజ్ వెనక. విమలకుమారి జోసఫిన్‌తో పసుపు పచ్చ కయాక్ ఎక్కింది. ఒక నిమిషం ఆలోచించాక సుందర్ రాజ్ మనసు కుదుటపడింది. దొంగ తన చేతికిందే ఉన్నాడు. ఇంతకంటే మంచి కాపలా ఏముంటుంది?

"మీరున్నారు గదన్నా, నాకేం భయంల్యా" అన్నాడు రవికుమార్.

వెనక కూర్చున్నవాడే పడవను తిప్పాలని గైడు చెప్పింది. సుందర్ రాజ్ తిప్పాడు. పడవ ఉన్నచోటే గుండ్రంగా తిరిగింది. ఇంకో పక్క తెడ్డు వేశాడు, ఇటునుంచి గుండ్రంగా తిరిగింది. ఈలోగా మిగతా పడవలన్నీ ముందుకు సాగిపోయాయి, పసుపు పచ్చ పడవ అన్నిటికంటే ముందు. రెండు తెడ్లూ టపటపా కొట్టుకుంటున్నాయి. "అన్నా, గోదారిలో ఇట్లనే తిప్పుతారా?" అని రవికుమార్ అమాయకంగా అడిగాడు. "ఇక్కడి నీళ్ళు తేడా తమ్ముడూ, మాటాడకుండా వెయ్యి" అన్నాడు సుందర్ రాజ్ పళ్ళు నూరుతూ.

అంతలో ఒక మోటారు బోటు రయ్యిన దూసుకుపోయింది. దాని వెనక లేచిన అలలు వచ్చి కయాక్‌ను ఉయ్యాలలూపాయి. సుందర్ రాజ్ తెడ్డు వదిలేసి పడవ అంచులు రెండు చేతులా పట్టుకున్నాడు. లైఫ్ జాకెట్ ఉన్నా సరే, ఆ క్షణాన వాళ్ళమ్మే గుర్తుకొచ్చింది. "అన్నా, ఇప్పుడేం చెయ్యాల?" అని రవికుమార్ అరిచాడు. "ఏం చెయ్యకు! కదలకు!" అని సుందర్ రాజ్ అంతకంటే పెద్దగా అరిచాడు. అలలు వాటంతటవే సద్దుమణిగాయి. రవికుమార్ తేరుకుని, "మీరు గాబట్టి సరిపోయింది అన్నా" అన్నాడు మనస్ఫూర్తిగా. ఆ మాట తిట్టుకంటే ఘోరంగా తగిలింది. గైడు వెనక్కి వచ్చి, ఇద్దరి వాలకం చూసి, తన పడవకు తాడు కట్టి లాక్కుపోయింది.

కొండల మధ్యకు వచ్చేసరికి తాడు విప్పేసింది. అక్కడ అలల్లేవు. రెండు వైపులా ఎర్రటి గోడలు నిట్టనిలువుగా లేచి ఉన్నాయి. పోనుపోను సందు ఇరుకైపోయి, చెయ్యి చాస్తే రాయి తగిలేట్టు ఉంది. ఎండ ఎక్కడో పైన ఆగిపోయింది. చల్లగా, నిశ్శబ్దంగా ఉంది. మలుపు అవతలినుంచి ఒక గొంతు వినిపించింది.

విమలకుమారి పాడుతోంది. చర్చిలో పాడినట్టు ఒద్దికగా కాదు, గొంతంతా విప్పి పాడుతోంది. రాతి గోడలు ఆ గొంతును అందుకుని ఇంకా పైకి పంపుతున్నాయి. మధ్యలో జోసఫిన్ ఏదో అన్నట్టుంది, పాట ఆగి నవ్వు వచ్చింది. పగలబడి నవ్వుతోంది. మళ్ళీ పాట.

సుందర్ రాజ్ అలవాటు చొప్పున రవికుమార్ కోసం వెతికాడు. రవికుమార్ ఎదురుగానే, తడిసిన వీపుతో, తెడ్డు ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు. అతనూ చెవులు రిక్కించి వింటున్నాడు.

"విమలక్కేనా అన్నా? నేను నమ్మలేకపోతున్నా. ప్రాక్టీసులో అక్క ఎప్పుడూ ఇట్ల పాడలా. సగం గొంతుతోనే పాడతాది. మాటిమాటికీ టైం చూసుకుంటా ఉంటాది, ఆయన ఇంట్లో ఎదురుచూస్తుంటారు, లేటయితే బాగుండదు అని."

ఇన్నాళ్ళూ సుందర్ రాజ్‌కు కుళ్ళుకోవడానికి ఒక మనిషి ఉండేవాడు. ఇప్పుడా మనిషి తన పడవలోనే ఉన్నాడు, పాట అవతలెక్కడో ఉంది. ఎవరి మీద కుళ్ళుకోవాలి? జోసఫిన్ మీదా? ఈ రాళ్ళ మీదా? కడుపుమంట మాత్రం తగ్గలేదు, అసలు ఇంతకుముందెన్నడూ లేనంతగా మండింది. విమలకు సంతోషంగా ఉండటానికి ఇంకో మగవాడు అక్కర్లేదు. తను పక్కన లేకపోతే చాలు.

నీళ్ళు అయిపోయిన చోట పడవలను ఇసుక మీదికి లాగి అందరూ నడక మొదలుపెట్టారు. విమలకుమారి ముందు నడుస్తోంది. రెండు చేతులూ చాచి రెండు గోడలనూ తాకుతూ, చిన్నపిల్లలా, జారుతూ, నవ్వుతూ. వెనక్కి తిరిగి భర్తను చూసింది. చేతులు గోడల మీదినుంచి దిగిపోయాయి. చున్నీ సర్దుకుంది.

"బీపీ మాత్ర వేసుకున్నారా అండీ?" అని అడిగింది.

భోజనాల దగ్గర పులిహోర మొదట అతనికే పెట్టింది. రవికుమార్‌కు జోసఫిన్ పెట్టింది. ఎవరూ ఎవరినీ దొంగచూపులు చూడలేదు. సుందర్ రాజ్ పులిహోర నమలడమే గాని రుచి తెలియలేదు. ఆ గొంతు తనది కావాలి. ఎలాగైనా తన పడవలోకి రావాలి. అంతకుమించి ఇంకేమీ తోచలేదు.

తిరుగుప్రయాణానికి ముందు గైడు దగ్గరికి వెళ్ళి, తన భార్యను తన పడవలో కూర్చోబెట్టమన్నాడు. గైడు భుజాలెగరేసి, "ఆమెకు ఇష్టమేనా?" అని విమలకుమారి వైపు తిరిగింది. విమలకుమారి పసుపు పచ్చ పడవ వైపు ఒకసారి చూసింది. జోసఫిన్ వైపు చూసింది. "ఓకే" అంది. ఈత రాని రవికుమార్‌ను గైడు తన పడవలో ఎక్కించుకుంది, పసుపు పచ్చ పడవలో జోసఫిన్ ఒక్కతే మిగిలింది.

ఇప్పుడు అంతా అతను అనుకున్నట్టే ఉంది. ముందు సీట్లో విమల, వెనక తను. ఆమె తెడ్డు చక్కగా, ఒక లెక్కలో పడుతోంది. అతను ఎటు తిప్పినా ఆమె సర్దుకుంటోంది, పడవ ఒక్కసారి కూడా గుండ్రంగా తిరగలేదు. పొద్దున పాట వినబడ్డ మలుపు వచ్చింది, దాటిపోయింది. తెడ్ల చప్పుడు తప్ప మరేమీ లేదు. వెనక పడవల్లో జోసఫిన్ నవ్వుతోంది.

సుందర్ రాజ్ ఉండబట్టలేకపోయాడు.

"పాడు విమలా. పొద్దున పాడావు కదా."

ఆమె వెనక్కి తిరగలేదు. "ఏం పాడమంటారండీ?" అంది, సాయంత్రం కూరేం వండమంటారని రోజూ అడిగే గొంతుతోనే.

పొద్దున పాడిన పాటే అడుగుదామనుకున్నాడు సుందర్ రాజ్. అది ఏ పాటో ఎంత తన్నుకున్నా గుర్తుకు రాలేదు. అప్పుడతను పాట వినలేదు, పక్కన ఎవరున్నారా అని విన్నాడు.