ఎలయాస్ జారవిడిచిన బంతి

మా ఊరి నుంచి వేల్స్ జట్టుకు రగ్బీ ఆడినవాడు ఎలయాస్ ప్రోథరో ఒక్కడే. అదీ ఒక్కసారే, స్వాన్సీలో, ఇంగ్లండ్ మీద. గీత దాటి బంతిని నేలకు ఆనిస్తే చాలనగా చేజార్చాడు. ఓడిపోయాం.

అతను తగరపు రేకుల మిల్లులో కొలిమి పనివాడు. మనిషి ఎద్దులా ఉండేవాడు, మాట మాత్రం పైకి వచ్చేది కాదు. ఆ ఆట సైతాను పని అని మా చర్చి సంఘం తీర్మానం. చేయించింది సంఘ పెద్ద జెత్రో బెవన్. ఆయన్ని చూస్తే నాకు ఒళ్లు మండేది. ఆట అయిన మర్నాడే ఎలయాస్‌ను వెలివేశారు. వెలి పడ్డవాళ్లు చర్చి వసారాలో నిలబడి ప్రసంగం వినొచ్చు, లోపల కూర్చోకూడదు.

అలా ఎలయాస్ భార్య గ్వెన్‌లియన్ పక్కన చోటు ఖాళీ అయింది. కూతురు పుట్టి, నడక నేర్చి, ఆ చోట్లో కూర్చుని కాళ్లూపేంత పెద్దదైంది. కీర్తన మొదలవగానే ఎలయాస్ వసారాలోంచే కింది స్వరం అందుకునేవాడు. కిటికీలు అదిరేవి. అది మాత్రం ఎవరూ వద్దనలేదు.

ఆడినందుకు చింతిస్తున్నానని సభలో ఒప్పుకుంటే లోపలికి రానిస్తారు.

"ఆ ఒక్క ముక్క అనేయవయ్యా, నోట్లో ముత్యాలు రాలిపోతాయా?" అనేది గ్వెన్‌లియన్.

"చింత లేదే నాకు. దేవుడి ఎదుట అబద్ధమెలా చెప్పను?"

"అయితే కూతురి పెళ్లి కూడా వసారాలోంచే చూసుకో."

ఆ మాట తగిలింది. బుధవారం సభలో లేచాడు.

"తప్పయింది."

"ఏది తప్పు?" అన్నాడు బెవన్.

"బంతి జారవిడవడం. తలుచుకుంటే ఇప్పటికీ నిద్ర పట్టదు."

బెవన్ ఒక్క ఉదుటున లేచాడు. "అది నీ తప్పెలా అవుతుందిరా? ఒకటే వాన, బంతి సబ్బుముక్కలా ఉంది! పైగా ఆ ఇంగ్లండ్ పొడుగోడు నీ మోచెయ్యి లాగాడు. నా కళ్లారా చూశాను!"

తలలన్నీ బెవన్ వైపు తిరిగాయి. బెవన్ కూర్చున్నాడు. కాసేపటికి తనే లేచి, టోపీ తీసుకుని వసారాలోకి నడిచాడు. తీర్మానం ఆట చూసినవాళ్లకూ వర్తిస్తుంది.

ఎలయాస్‌ను ఇంకెవరూ ఏమీ అడగలేదు. ఆదివారం భార్య పక్కన కూర్చున్నాడు. కీర్తన మొదలైంది. వసారాలోంచి సన్నటి గొంతు, శ్రుతి తప్పి వినిపించింది. నాకే జాలేసింది.

"వెళ్లవయ్యా, ఒక్కడే ఉన్నాడు," అంది గ్వెన్‌లియన్.

ఎలయాస్ వెళ్లాడు. రెండో చరణానికి కిటికీలు అదిరాయి. పాట ఆగాక అతని గొంతు అందరికీ వినిపించింది.

"మోచెయ్యి లాగడం నిజంగా చూశారా?"

"చూశానయ్యా."

"ఇంకోసారి చెప్పండి."