వెనక్కి తిప్పిన తేదీ

ఆ వీధిలో ఆయనను అందరూ స్వెటరాయన అనే పిలుస్తారు. ఇంటి ముందుగదిలో కిటికీకి ఆనుకొని అల్లిక యంత్రం ఒకటి ఉన్నది. దాని సూదులు దువ్వెన పళ్లలా ఒకే వరుసలో అమరి ఉంటాయి. కంప్యూటర్ నుంచి నమూనా అందుకొని, ఏ సూది లేవాలో ఏది ఆగాలో యంత్రమే చూసుకుంటుంది. నూలు ఎక్కించడం, అల్లిన గుడ్డను కిందికి లాగే బరువులు తగిలించడం, తెగిన పోగును పట్టుకోవడం మనిషి పని. బడిపిల్లల స్వెటర్లు, ఆసుపత్రి కాపలావారి స్వెటర్లు, పసివాళ్ల టోపీలు ఆ గదిలోనే తయారయ్యేవి. మాట్లాడుతూ మాట్లాడుతూ ఎదుటివారు వేసుకున్న స్వెటర్ అంచును తిప్పి, లోపలి కుట్టు చూసి పెదవి విరిచే అలవాటు ఆయనకు ఉండేది. చాలామంది నొచ్చుకునేవారు. కొందరు మరుసటి వారం ఆయన దగ్గరే కొత్తది అల్లించుకునేవారు.

నిరుడు చలికాలంలో ఆయన మెదడులో ఒక రక్తనాళం పూడుకుపోయింది. కుడిచేతి పట్టు తప్పింది. అంతకన్నా చిత్రమైనది మాట సంగతి. ఎదుటివారు చెప్పేది ఆయనకు పూర్తిగా తెలుస్తుంది, చదివినదీ తెలుస్తుంది. తాను చెప్పదలచిన మాట మాత్రం నోటికి అందదు. అందినా వేరొకటి వస్తుంది. కావాలన్నా ‘అవును’, వద్దన్నా ‘అవును’. తల ఊపడం కూడా నాలుక వెంటే పోతుంది. ఎడమచేత్తో కాగితం మీద రాయబోతే విడి మాటలే పడేవి. ‘యంత్రం’ అని రాసేవాడు. దానికి ముందేమిటో వెనకేమిటో, చూసినవారు తమకు తోచినట్టు కలుపుకొనేవారు.

ఆయన అక్క కూతురు ఒక కళాశాలలో భౌతికశాస్త్ర ప్రయోగశాల పరికరాలను చూసుకునే ఉద్యోగి. ఆమె ఇంటి కంప్యూటర్‌లో ఒక ఏఐ సహాయకుణ్ణి పెట్టి, వాడే పద్ధతి నేర్పింది. ఆయన ఎడమచేతి వేలితో విడి మాటలు కొడితే, అది వాటిని కలిపి రెండుమూడు వాక్యాలు రాసి చూపేది. తన మనసులోని వాక్యం కనిపిస్తే ఆయన దాని మీద వేలు పెట్టేవాడు. కనిపించకపోతే తుడిచి మళ్లీ కొట్టేవాడు. ఫోన్‌లో అక్షరాలు మరీ చిన్నవి, ఒక్క వేలి కింద రెండేసి పడేవి. అందువల్ల ఆ కంప్యూటరే ఆయన నోరు.

ఆ నోరు తప్పనిసరిగా కావలసివచ్చిన రోజునే మూతపడింది.

ఆయన అన్నగారికి రంగుల దుకాణం ఉన్నది. తమ్ముడంటే ప్రాణం, ఓపిక మాత్రం తక్కువ. వారం కిందట వచ్చి, “పని చేయలేని యంత్రం ఎందుకురా, అమ్మేద్దామా?” అని అడిగాడు. తమ్ముడు అవునన్నాడు. అన్నగారు అక్కడితో వెళ్లిపోయి, ఇంట్లో చెప్పకుండానే కొనేవాణ్ణి వెతికి మాట ఇచ్చాడు. నోరు మూతపడిన ఆ రోజు సాయంత్రమే కొనేవాళ్లు బండి తీసుకొని వస్తారు. ఉదయాన్నే టేపు పట్టుకొని వచ్చి, యంత్రాన్నీ వాకిలినీ కొలవసాగాడు.

“తలుపు ఊడదీయాల్సిందే. లేకపోతే బయటికి రాదు.”

“ముందు మనిషి నోట్లోంచి మాట రానివ్వండి బావగారూ. తలుపు ఎక్కడికీ పోదు,” అన్నది స్వెటరాయన భార్య.

“వచ్చిందిగా అమ్మా! ఒకటికి రెండుసార్లు అడిగాను. రెండుసార్లూ అవుననే అన్నాడు.”

“‘నేనింకా కుర్రాడిలా ఉన్నానా’ అని అడగండి. దానికీ అవుననే అంటారు.”

“అది మాత్రం ఉన్నమాటే కదా!”

ఆమె నవ్వింది కాని, ఆ నవ్వు నిలవలేదు.

“పోనీ, వాడి మనసులో ఏముందో నువ్వు చెప్పు. నీ మాట మీదే ఆపేస్తాను.”

ఆమె యంత్రం మీది దుప్పటి అంచు సర్దింది. భర్తకు పథ్యం, మందులు, వ్యాయామం చూసుకొని అలసిన రోజుల్లో, ఆ యంత్రం లేకపోతే గది విశాలంగా ఉంటుందని ఆమె కూడా ఒకటిరెండుసార్లు అనుకున్నది. ఆ కారణంగా భర్త తరఫున గట్టిగా మాట్లాడడానికి ఆమెకు తన మీద తనకే నమ్మకం చాలలేదు.

స్వెటరాయన వీరిద్దరి వైపూ చూడలేదు. కంప్యూటర్ ముందు కూర్చొని ఒకే మీటను మళ్లీమళ్లీ నొక్కుతున్నాడు. ‘కనెక్ట్ కాలేకపోతున్నాను. కాసేపాగి ప్రయత్నించండి’ అని తెర మీద అదే మాట మళ్లీమళ్లీ వస్తున్నది.

కబురందుకొని మేనకోడలు కళాశాలకు పోకుండా నేరుగా అక్కడికి వచ్చింది.

“నెట్ పోయినట్టుందే,” అన్నది అత్తయ్య.

“ఇదే నెట్ మీద మీ ఫోన్ నడుస్తోంది కదా అత్తయ్యా. పోయింది నెట్ కాదు.”

ఒకసారికి ఒక్క మార్పే చేసి ఫలితం చూడడం ఆమెకు ప్రయోగశాల నేర్పిన అలవాటు. తీగ ఊడదీసి పెట్టింది, అదే సందేశం. కంప్యూటర్ ఆపి వెలిగించింది, అదే సందేశం. సహాయకుణ్ణి వదిలి వాతావరణ వివరాల పేజీ తెరవబోయింది, అదీ తెరుచుకోలేదు. వార్తల పేజీ కూడా అంతే. తప్పు సహాయకుడిలో లేదని, ఈ కంప్యూటరే ఎవరినీ లోపలికి రానివ్వడం లేదని దీనితో తేలింది.

“ఇంత తంటా ఎందుకు, కొత్తది కొని పారేయరాదూ?” అన్నాడు అన్నగారు.

“జ్వరమొస్తే మనిషిని మార్చేస్తామా పెద్ద మామయ్యా?”

“మీ పెద్దత్తయ్యని అడుగు. ఆవిడ ఎప్పట్నించో అదే ఆలోచనలో ఉంది.”

మేనకోడలు నవ్వుతూనే, పేజీ తెరవని కారణాన్ని చిన్న అక్షరాల్లో చెప్పే చోటు వెతికి పట్టుకున్నది. అవతలివారు చూపిన ధ్రువపత్రం ఇంకా అమల్లోకి రాలేదని అక్కడ రాసి ఉన్నది. నెట్‌లో ఒక చోటికి వెళ్లేముందు కంప్యూటర్ అవతలివారి గుర్తింపు అడుగుతుంది. ఆ పత్రం ఏ తేదీ నుంచి ఏ తేదీ దాకా చెల్లుతుందో చూసుకొని, తృప్తి కలిగితేనే మాట కలుపుతుంది. గడువు తీరిన పత్రాలు అప్పుడప్పుడూ కనిపిస్తాయి. ఇంకా మొదలే కాని పత్రం అరుదు. అన్ని చోట్ల నుంచీ అవే వస్తున్నాయంటే, లోకమంతా ముందుకు జరిగి ఉండాలి, లేదా ఈ కంప్యూటర్ వెనకబడి ఉండాలి.

తెర మూలన గడియారం గంటలు, నిమిషాలే చూపుతున్నది. అవి సరిగానే ఉన్నాయి. ఆమె దాన్ని తెరిచి చూసింది. నెల సరైనదే, రోజు సరైనదే. సంవత్సరం మాత్రం చాలా పాతది. తేదీని దానంతటదే సరిచూసుకొనే ఏర్పాటును కూడా ఎవరో ఆపివేశారు.

“మామయ్యా, ఇది మీరే మార్చారా?”

“అవును.”

ముగ్గురూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. ఆ మాటతో ఏదీ తేలదు.

అత్తయ్య ఉన్నట్టుండి నుదురు కొట్టుకున్నది. “అయ్యో, అల్లిక ప్రోగ్రాం! అది కొత్త తేదీలు చూస్తే తెరుచుకోదే. పాత కంప్యూటర్‌లోనూ ఏడాదిని వెనక్కే పెట్టేవారు.”

ఆ ప్రోగ్రాం రాసినవారు ఒక సంవత్సరం దాటి తేదీలను లెక్కించే ఏర్పాటు చేయలేదు. తరువాత వారు సంస్థనే మూసివేశారు. దాన్ని తెరిచే ప్రతిసారీ ముందుగా సంవత్సరాన్ని వెనక్కి తిప్పడం స్వెటరాయనకు, పనికి ముందు బల్ల తుడుచుకోవడం వంటిదే. అయితే యంత్రం వెంట ఉన్న పాత కంప్యూటర్ పాడయ్యాక, ఇక పని ఆగినట్టేనని భార్య యంత్రం మీద దుప్పటి కప్పింది. మేనకోడలు వంగి చూసింది. యంత్రం తీగ ఇప్పుడు ఈ కంప్యూటర్ వెనక తగిలించి ఉన్నది.

ప్రోగ్రాం తెరిచారు. అందులో ఒక స్వెటర్ నమూనా సగం మార్చి ఉన్నది. వెడల్పాటి వీపు భాగాన్ని ఆయన సన్నని పట్టీలుగా విడగొట్టాడు. సన్నని పట్టీకి బరువులు ఒక చేత్తోనే తగిలించవచ్చు.

“నాకు ఒక్క మాట చెప్పొద్దూ?” అన్నది భార్య. వెంటనే తానే తగ్గింది. “ఎలా చెప్తారులే.”

పని తిరిగి మొదలుపెట్టుకోవాలని చేసుకున్న ఏర్పాటే ఆయన మాటను ఆపివేసింది.

“ఇంకేం మరి, అమ్మడం వాడికి ఇష్టం లేదన్నమాట,” అన్నాడు అన్నగారు టేపు జేబులో వేసుకుంటూ.

“అన్నమాట అని మళ్లీ మనమే అనుకోవడం ఎందుకు పెద్ద మామయ్యా? ఆయన్నే చెప్పనిద్దాం.”

మేనకోడలు సంవత్సరాన్ని సరిచేసింది. సహాయకుడు వెంటనే పలికాడు. అల్లిక ప్రోగ్రాం మూసుకుపోయింది.

“రెండూ ఒకేసారి కుదరవు అత్తయ్యా. మా ల్యాబ్‌లో పక్కన పెట్టేసిన కంప్యూటర్ ఒకటుంది, అడిగి తెస్తాను. అంతవరకూ అల్లేటప్పుడు పాత ఏడాది, మాట్లాడేటప్పుడు ఈ ఏడాది.”

“బాగుందే! నా వయసెంతని ఎవరైనా అడిగితే, మా ఆయన అల్లుతున్నారో మాట్లాడుతున్నారో చూసి చెప్తాను.”

స్వెటరాయన మీటల మీదికి వంగాడు. ‘అన్నయ్య’, ‘యంత్రం’, ‘అమ్ము’ అని కొట్టాడు. సహాయకుడు రాసిన మొదటి వాక్యం: ‘అన్నయ్యా, యంత్రం అమ్మడం నాకు సమ్మతమే.’

“చూశారా!” అన్నాడు అన్నగారు.

తమ్ముడు ఆ వాక్యాన్నీ దాని కింది వాటినీ తుడిచివేశాడు. ఆయన వేలు ఒక్కో మీట మీదికీ వెళ్లి వెనక్కి వచ్చింది. కావలసిన మాట కోసం ఆయన పెదవులు కదిలాయి. అన్నగారు అందించబోయి, మేనకోడలి చూపు చూసి ఊరుకున్నాడు. చివరికి మొదటి మూడు మాటల పక్కన ‘ఆపు’ అని పడింది. ఈసారి వచ్చిన వాక్యాల్లో రెండోదాని మీద ఆయన వేలు పెట్టి తీయలేదు. ‘అన్నయ్యా, యంత్రం అమ్మే పని ఆపు.’

అంతటితో అయిందనుకున్నారు. ఆయన మళ్లీ కొట్టాడు: ‘అవును’, ‘ఆగు’, ‘మళ్లీ’.

‘నేను అవునన్నప్పుడు కాసేపు ఆగి, మళ్లీ అడగండి.’

ఈ వాక్యం మీద వేలు పెట్టి, ముందు అన్నగారి వైపు, తరువాత భార్య వైపు చూశాడు. ఆమె తల వంచుకొని యంత్రం మీది దుప్పటి తీసి మడత పెట్టసాగింది. అన్నగారు ఫోన్ తీసుకొని వరండాలోకి పోయాడు. “లేదండీ, తప్పు నాదే... వాడు ఒప్పుకున్నాడనుకున్నాను. బండి పంపకండి,” అనడం లోపలికి వినిపించింది.

ఆయన తిరిగి వచ్చేసరికి అత్తయ్య టీ ఫ్లాస్కు తెచ్చి బల్ల మీద పెట్టింది. అన్నగారు కప్పు అందుకొన్నాడు.

“టీ పోయనారా?”

“అవును.”

ఫ్లాస్కు వంచబోయి అన్నగారు ఆగాడు. మూత బిగించి, స్టూలు లాక్కొని తమ్ముడి పక్కన కూర్చున్నాడు.

“మళ్లీ అడుగుతున్నా. పోయనా?”

తమ్ముడు ఎడమచెయ్యి మీటల మీదికి చాచి ‘చక్కెర’ అని కొట్టాడు. తెర మీద నాలుగు వాక్యాలు వచ్చాయి. అన్నగారు కళ్లద్దాల కోసం జేబు తడుముకున్నాడు.