ఇక్కడ స్పానిష్‌లో ఏదో అంటాడు

ఎపిఫానియో లుహాన్‌కు ఇరవై ఆరేళ్ళ నటనలో రాసిపెట్టిన డైలాగులు దొరికింది చాలా తక్కువ. స్క్రిప్టులో ఆయన వంతు వచ్చేసరికి ఒకే ముక్క ఉండేది: "ఇక్కడ స్పానిష్‌లో ఏదో అంటాడు." ఆ ఏదో ఏమిటో రాసినవాళ్ళకు తెలియదు, కెమెరా వెనక నిలబడ్డవాళ్ళకు అంతకన్నా తెలియదు. వేషం గుర్రాల దొంగదైనా, సత్రం వంటవాడిదైనా, జైలు కాపలావాడిదైనా వాళ్ళకు కావలసింది ముఖంలో కోపమో, ఏడుపో, భయమో. మాటలు ఆయన ఇష్టం.

ఆ మాటల కోసమే బాయిల్ హైట్స్‌లోని స్పానిష్ మాట్లాడే మా పేట జనం ఆదివారం మధ్యాహ్నం ఆటకు అల్బొరాద టాకీసు నింపేసేవారు. హీరో తుపాకీ కాల్పులు పిల్లలకు. పెద్దవాళ్ళు ఎపిఫానియో నోరు తెరిచేదాకా వేరుశెనక్కాయలు ఒలుచుకుంటూ కూర్చునేవారు. ఒక సినిమాలో షెరీఫ్ వచ్చి ఆయన గుండెకు తుపాకీ ఆనిస్తే మోకాళ్ళమీద పడి, కన్నీళ్ళు కారుస్తూ వేడుకున్నాడు: "మీ కాళ్ళు పట్టుకుంటానర్రా, నా నల్ల గొడుగు ఎవరింట్లో ఉందో తెచ్చిచ్చెయ్యండి, వానలొస్తున్నాయి!" మర్నాడు పొద్దున ఆయన గుమ్మంలో మూడు గొడుగులు కనిపించాయి. మూడింటిలో ఒక్కటీ ఆయనది కాదు. ఇంకో సినిమాలో బందిపోట్ల నాయకుడై, గుర్రమెక్కి, కత్తి పైకెత్తి తన ముఠాకు ఆజ్ఞ ఇచ్చాడు: "పేగుల పులుసులో నిమ్మకాయ ముందే పిండకండిరా! దింపాకే పిండాలి!" ముఠా గుర్రాలను దౌడు తీయించింది.

మాటలు సరదావే కానీ పని దగ్గర ఆయన సరదా మనిషి కాదు. 1926లో స్టూడియోకు వెళ్ళింది కంచరగాడిదలను తోలుకుంటూ. గాడిదలతోపాటు ఆయన మీసాలూ నచ్చి, ఉండిపొమ్మన్నారు. చదువు లేదు, నేర్పినవాళ్ళు లేరు. భోజనాల వేళ అందరూ నీడన కునుకు తీస్తుంటే ఆయన ఎడిటింగ్ గది గుమ్మం దగ్గర నిలబడి, ఫిల్ము కత్తిరించే ముసలాయన చేతులు చూస్తూ ఉండేవాడు. అలా చూసి చూసి ఒక సంగతి పట్టాడు. ఊరికే నిలబడి మాట్లాడేవాడి ముక్క కత్తెరకు సులువుగా దొరుకుతుంది. మాట్లాడుతూ ఒక పని మొదలుపెట్టి ముగించేవాడి ముక్క దొరకదు. ముందు షాట్‌లో జీను నేలమీద ఉండి, తర్వాతి షాట్‌లో గుర్రంమీద ఉంటే, మధ్యలో దాన్ని ఎవరో ఎత్తి వేసినట్టు చూపించాలి కదా! అప్పటినుంచి తెరమీద ఆయన కట్టెలు పేర్చని, ఉల్లిపాయలు తరగని, నాడాలు కొట్టని సినిమా లేదు. తోటి నటులు హీరో పక్కన చోటు కోసం తోసుకుంటుంటే ఈయన వెళ్ళి సామాన్లవాణ్ణి అడిగేవాడు: "ఏదైనా పని ఉందా, రెండు నిమిషాలు పట్టేది?"

ఇలా సాఫీగా సాగుతున్న బతుకులో 1952లో ఒక చిక్కు వచ్చిపడింది.

మసెదోనియో ఉర్రేయాకు మా వీధి మలుపులో మొక్కజొన్న రొట్టెల కొట్టు ఉండేది. ఆయనా ఎపిఫానియో సరిహద్దు అవతల సొనోరాలో ఒకే వీధిలో, ఒరేయ్ అంటే ఒరేయ్ అనుకుంటూ పెరిగారు. ఎపిఫానియో కూతురు ఓతిలియా పుట్టినప్పుడు ఆ బిడ్డను చేతుల్లోకి తీసుకుని, జ్ఞానస్నానం చేయించి, జ్ఞానతండ్రిగా నిలబడింది మసెదోనియోనే. ఆ రోజునుంచి ఇద్దరూ ఒకరికొకరు "కొంపాద్రె" అయ్యారు. బిడ్డ తండ్రికీ జ్ఞానతండ్రికీ మధ్య ఆ పిలుపు వచ్చాక ఇక ఏకవచనం ఉండకూడదు. ఇరవై రెండేళ్ళుగా పేకాటలో పట్టుబడ్డా సరే, "మీరు దొంగాట ఆడుతున్నారు కొంపాద్రె", "మీ కళ్ళు మండ కొంపాద్రె" అనుకున్నారే తప్ప నువ్వు అన్న మాట ఇద్దరి నోటా రాలేదు.

ఆ ఏడాది ఒక సినిమాలో ఎపిఫానియోది ఖైదీ వేషం. ఊచలు పట్టుకుని స్పానిష్‌లో ఏదో అరవాలి. ఎండ మాడ్చేస్తోంది, అప్పటికి నాలుగో టేకు, పొద్దున్నుంచి తిండి లేదు. నోటికొచ్చింది అరిచేశాడు: "ఒరేయ్ మసెదోనియో! నీ రొట్టెలింత పల్చనయ్యాయేంట్రా? అడ్డం పెట్టుకుంటే అవతల పేపరు చదువుకోవచ్చు!"

అల్బొరాదలో ఆ ముక్క పడగానే జనం కుర్చీలు చరిచి మరీ నవ్వారు. నాలుగో వరుసలో కూర్చున్న మసెదోనియో మాత్రం టోపీ పెట్టుకుని, సినిమా మధ్యలో లేచి వెళ్ళిపోయాడు.

వారం చూసి ఎపిఫానియో కొట్టుకు వెళ్ళాడు. మసెదోనియో తలెత్తకుండా పిండి ముద్దలు చేస్తున్నాడు.

"జోకండీ కొంపాద్రె," అన్నాడు ఎపిఫానియో. "మీ రొట్టెలకేం, బంగారం."

"రొట్టెల గొడవెందుకు? పల్చనివే. పల్చగా చెయ్యడం చాతనవ్వాలి. పిసినారి అనండి, అదీ పడతాను. మా ఆవిడ రోజూ అంటుంది."

"మరి కోపం దేనికి?"

మసెదోనియో చేతిలోని ముద్ద కింద పెట్టాడు. "ఎనిమిదొందలమంది ముందు నన్ను నువ్వన్నారు మీరు. ఒరేయ్ అన్నారు."

ఎపిఫానియో చెవులు వేడెక్కాయి. ఆ మాట ఆయనకు అప్పటిదాకా తట్టనే లేదు.

"చిన్నప్పటి నోరు జారింది కొంపాద్రె. క్షమించండి."

"ఎక్కడ చెప్తున్నారా మాట? పిండిమర చప్పుడులోనా? నన్ను అన్నదెక్కడ?"

"అల్బొరాదలో."

"అయితే అక్కడే చెప్పండి. తెరమీద. అందాకా మా గుమ్మం తొక్కొద్దు. జాగ్రత్తగా వెళ్ళండి, బయట మెట్టు విరిగుంది."

ఇంటికి వచ్చి చెబితే ఓతిలియా నడుంమీద చేతులు పెట్టుకుంది. ఈస్టర్ తర్వాత వచ్చే శనివారం ఆమె పెళ్ళి. "నన్ను చేతుల్లో పట్టుకున్నాయన లేకుండా నేను చర్చి మెట్లెక్కను నాన్నా. సినిమాల్లో నలభైసార్లు చచ్చావు, ఒక్కసారి క్షమాపణ చెప్పలేవా?"

నవంబరులో కొత్త సినిమాకు పిలుపు వచ్చింది. గాయపడ్డ హీరోను కొండ దాటించే గాడిదలవాడి వేషం. స్క్రిప్టు తిరగేసిన ఎపిఫానియో ఎగిరి గంతేశాడు. అందులో ఇలా ఉంది: "గాడిదతో స్పానిష్‌లో ఏదో అంటాడు."

"దొరికింది!" అని భార్య కూకాను కేకేశాడు. "'కొంపాద్రె, మీరు నన్ను క్షమించండి' అంటా."

"ఎవర్ని చూస్తూ?"

ఎపిఫానియో స్క్రిప్టు మళ్ళీ చూశాడు. "గాడిదని."

కూకా నవ్వి నవ్వి గరిటెతో సహా నేలమీద కూలబడింది. "ముసలాడా! ఆ మనిషిని గాడిదని చేసి, దానికి మీరు అని మర్యాద కూడానా? పెళ్ళి సంగతి అటుంచు, నువ్వు నిజంగా పోయినా చూడ్డానికి రాడు."

అంటే ఆ మాట గాడిదతో కాక ఒక మనిషితో అనాలి. ఆ సినిమాలో ఎపిఫానియో ఎదట మాట్లాడడానికి స్క్రిప్టు ఇచ్చిన మనిషి ఒక్కడూ లేడు. అల్బొరాదకు ఈస్టర్‌లోగా వచ్చే ఆయన సినిమా కూడా ఇదొక్కటే.

షూటింగు నాలుగో రోజు హీరోయిన్ హీరో చేతికి కట్టు కట్టే సీను పెట్టారు. ఆ అమ్మాయి కడుతుంది, హీరో చెయ్యి ఎత్తుతాడు, కట్టు జారిపోతుంది. ఏడుసార్లు జారింది. హీరో విసుక్కున్నాడు, అమ్మాయి కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి, డైరెక్టర్ హాస్కెల్ మాటిమాటికీ సూర్యుడి వంక చూస్తున్నాడు.

ఎపిఫానియో టోపీ తీసి ముందుకొచ్చాడు. "అయ్యా, ఆ ముడి నిలవదు. గాడిదలమీద మూటలు కట్టి పెరిగినవాణ్ణి, నాకివ్వండి. అమ్మాయిగారు నీళ్ళ గిన్నె పట్టుకుని పక్కనే ఉంటారు. నేను స్పానిష్‌లో ఏదో అంటూ కట్టేస్తా."

"ఏమంటావు?" అన్నాడు హాస్కెల్.

ఇరవై ఆరేళ్ళలో ఆ ప్రశ్న అడిగిన మొదటి మనిషి ఆయనే. ఎపిఫానియోకు అబద్ధం ఆడబుద్ధి కాలేదు.

"క్షమించమని అడుగుతానండి. నొప్పి పెట్టినందుకు."

"బాగుంది. ఒక్క టేకే ఉంది, ఎండ పోతోంది."

ఎపిఫానియో హీరో ముందు మోకాలు వంచాడు. గుడ్డను మూడు చుట్లు తిప్పాలి, చివర ఎదురుముడి వేయాలి. మాటలను చుట్లకు సరిపోయేలా పంచుకున్నాడు. గుడ్డ ఎంత నెమ్మదిగా తిరిగితే మాట అంత స్పష్టంగా పడింది. ఆఖరు మాటకు ముడి బిగిసింది. చెయ్యి ఎత్తితే కట్టు కదల్లేదు. హీరోకు ముచ్చటేసి, తనకు వచ్చిన ఒకే ఒక్క స్పానిష్ ముక్క తనంతట తనే అనేశాడు. స్క్రిప్టులో లేని ఆ ముక్క విని హాస్కెల్ చేతులు రుద్దుకున్నాడు. ఎపిఫానియో మాత్రం ఇంకో టేకు కోసం ఆకాశం వంక చూశాడు, ఎండ అప్పటికే పోయింది.

ఆ సినిమా ఈస్టర్‌కు మూడు వారాల ముందు అల్బొరాదకు వచ్చింది. సంగతి అప్పటికే పేటంతా పాకింది కాబట్టి గోడల వెంట కూడా నిలబడ్డారు జనం. ఓతిలియా స్వయంగా కొట్టుకు వెళ్ళి, జ్ఞానతండ్రి చెయ్యి పట్టుకుని తీసుకొచ్చింది. మసెదోనియో ఆదివారం కోటు వేసుకుని, టోపీ ఒళ్ళో పెట్టుకుని, ఎప్పుడైనా లేచిపోయేవాడిలా వరుస చివర కూర్చున్నాడు. రెండు వరుసల వెనక ఎపిఫానియో ముందుకు వంగి చెవులు రిక్కించాడు. గాయమైన చెయ్యి కట్టు లేకుండా తెరమీదికి వచ్చింది. ఇక కట్టే ముక్కను కత్తిరించి ఉండలేరని ఆయనకు తెలుసు. అయినా కళ్ళు మూసుకుని విన్నాడు.

గుడ్డ మొదటి చుట్టు తిరిగింది.

"కొంపాద్రె," అంది తెరమీది గొంతు. "నా బిడ్డను మొదట దేవుడి ముందు పట్టుకున్న చేతులు మీవి. మిమ్మల్ని నువ్వన్న నోరు నాది. తప్పు నాదే. మీరు నన్ను క్షమించాలి."

టాకీసులో వేరుశెనక్కాయ చప్పుడు కూడా లేదు. అప్పుడు హీరో చెయ్యి ఎత్తి, పళ్ళన్నీ కనిపించేలా నవ్వి స్పానిష్‌లో అన్నాడు: "సరే, సరే!"

నవ్వులకు టాకీసు కప్పు ఎగిరిపోయినంత పని అయింది. "హీరో క్షమించేశాడ్రోయ్!" అని ఎవరో ఈల వేశారు.

మసెదోనియో లేచి నిలబడ్డాడు. "ఆపండి! అతగాడెవడు సరే అనడానికి? అన్నది నన్నయితే క్షమించేది వాడా?"

"అయితే నువ్వే క్షమించవయ్యా!" అంది బాల్కనీలోంచి ఒకావిడ.

"క్షమిస్తాను! ఆ పసుపుజుట్టోడు నన్ను నోరెత్తనిస్తేగా!"

రీలు ఆగింది. దీపాలు వెలిగాయి. ఎనిమిదొందల తలలూ ఆయన వైపు తిరిగాయి. మసెదోనియో కోటు సర్దుకుని వెనక్కి తిరిగాడు. ఎపిఫానియో అప్పటికే నిలబడి ఉన్నాడు, ముఖం కుంకుమలా ఎర్రబడింది.

"కొంపాద్రె," అన్నాడు మసెదోనియో. "మీరు కట్టు బాగా కట్టారు. పని అంటే అదీ. ఆ సంగతి ముందు చెప్పాలి."

"అంతా మీ దయ కొంపాద్రె."

"రెండోది, క్షమించాను. నేను. మసెదోనియో ఉర్రేయా. అందరూ విన్నారా?"

"విన్నాం!" అని అరిచింది టాకీసు.

"మూడోది, అమ్మాయి పెళ్ళి ఎప్పుడు?"

"ఈస్టర్ తర్వాతి శనివారం. పదింటికి పూజ."

"అది పేటంతా తెలుసు. మీరు నన్ను పిలవలేదు."

ఎపిఫానియో వరుస దాటి బయటికొచ్చాడు. మధ్యదారిలో మసెదోనియో ఎదుటికి వెళ్ళి, మీసం తుడుచుకుని, చిన్నగా వంగాడు. ఈసారి మాటలు దారం తెగినట్టు ముక్కలుగా వచ్చాయి.

"మా ఓతిలియా పెళ్ళికి... మీరూ, మీ ఇంటావిడగారూ... తప్పకుండా దయచేయాలి కొంపాద్రె."

"వస్తాం," అన్నాడు మసెదోనియో. ఎపిఫానియోను దగ్గరికి లాక్కుని, వీపుమీద పిండి ముద్ద చరిచినట్టు మూడుసార్లు చరిచాడు. ఓతిలియా ఇద్దరి మెడలకూ వేలాడింది. బాల్కనీలోని ఆవిడ బిగ్గరగా ఏడవడం మొదలుపెట్టింది.

మసెదోనియో తన చోటికి వెళ్ళి, ఈసారి కుర్చీలో వెనక్కి జారగిలబడి కూర్చున్నాడు. పక్కన ఖాళీ చేయించి ఎపిఫానియోను కూడా కూర్చోబెట్టుకున్నాడు.

"ఇక వెయ్యండి సినిమా," అని ఆపరేటరుకు కేకేశాడు. "ఆ పసుపుజుట్టోడు బతుకుతాడో లేదో చూడాలి."