గల్లీలో చదవాల్సిన తీర్పు

మా గురువుగారు, న్యాయవాది చంద్రమౌళిగారు కార్ఖానా ప్రాంతంలోని స్వగృహంలో నిద్రలోనే పరమపదించారని పొద్దున్నే ఫోన్ వస్తే నేను నమ్మలేదు. ముందురోజు సాయంత్రమే నేను రాసిన డ్రాఫ్టులో సగం కొట్టేసి, "గింత పొడుగు రాస్తే జడ్జి నిద్రపోతడమ్మా" అని తిట్టిన మనిషి ఆయన. జూనియర్‌గా చేరిన నాటి నుంచీ ఆ తిట్లే నాకు విద్యాభ్యాసం. ఆయన నిష్క్రమణ తీరని లోటని అందరూ అంటున్నారు. ఆ లోటు ఎటువంటిదో చెప్పాలనే ఈ నాలుగు మాటలు.

మా వృత్తిలో అందరం తేలిగ్గా తలవంచే మాట ఒకటుంది: కాలం గడిచిపోయినందున పిటిషన్ నిరర్థకమైంది. పరీక్ష రాయనివ్వమన్న పిటిషన్ పరీక్ష అయిపోయాక విచారణకొస్తుంది. గోడ కూల్చవద్దన్నది గోడ కూలాక వస్తుంది. జడ్జిగారు ఆ మాట అనగానే మేం నమస్కరించి కూర్చుంటాం. గురువుగారు కూర్చునేవారు కాదు. "ఇంకేం మిగిలిందో చూడకుండ ఫైలు మూయొద్దు" అనేవారు.

మౌలాలిలో ఉండే ఖాసింగారిది అటువంటి కేసే. ఓ గోదాములో కాపలా కాస్తుండగా సరుకు పోతే, ఆ దొంగతనం ఆయనకు అంటగట్టి ఉద్యోగం తీసేశారు. తిరిగి చేర్చుకోమని వేసిన పిటిషన్ వంతు వచ్చేసరికి రిటైరయ్యే వయసే దాటిపోయింది. ఇక ఇవ్వడానికి ఉద్యోగం ఎక్కడుంది, నిరర్థకమే కదా అన్నారు జడ్జిగారు. ఆవేశమొస్తే గురువుగారు ఇంగ్లీషును గాలికొదిలేసేవారు.

"కొలువు పోతే పోయింది సార్. దొంగ అన్న మాట సుత రిటైరైందా?"

జడ్జిగారు తీర్పు వాయిదా వేశారు. అదే గురువుగారి చివరి వాదన అవుతుందని ఎవరనుకున్నారు!

తీర్పు ప్రతి చేతికి రాగానే కక్షిదారు ఇంటికి తానే వెళ్లి, ఇరుగుపొరుగును పిలిపించి, తెలుగులో బిగ్గరగా చదివి వినిపించడం ఆయన నియమం. ఇదేం చాదస్తమని నేను విసుక్కునేదాన్ని. "పేరు పోయింది గల్లీలనమ్మా. రావాల్సింది సుత గల్లీలకే" అనేవారు.

ఆయన కర్మకాండ ముగిసిన కొద్దిరోజులకే తీర్పు వచ్చింది. ఉద్యోగం సంగతి నిరర్థకమే; కానీ దొంగతనానికి ఏ ఆధారమూ లేదు, ఆ అభియోగం రద్దు. ఆయన బదులు నేను మౌలాలి వెళ్లాను. ఖాసింగారు ఇంటి ముందు కుర్చీలు వేయించి గల్లీనంతా పిలిచారు. చదవడం మొదలుపెట్టాను. మొదట్లోనే, పిటిషనర్ తరఫు న్యాయవాది అన్నచోట, గురువుగారి పేరుంది. ఏడుపొచ్చింది. ఆ పేరు పెదవుల మధ్యే గొణిగి, కింది వాక్యానికి పోబోయాను.

ఖాసింగారు చెయ్యెత్తి ఆపారు. "జెర ఆగుండ్రి మేడమ్. వకీల్ సాబ్ పేరు జోర్‌గ చదువుండ్రి. ముందుగాల గదే ఇనాలె ఈ గల్లీ."

గురువుగారూ, గల్లీ చివరిదాకా వినిపించేటట్టు చదివాను.