బాణం ఎటు చూస్తోంది?

మా అన్న కూతురికి చిన్నప్పటి నుంచీ ఒక పాడు అలవాటు. ఎవరేం కొన్నా ‘ఎంతకి కొన్నారు?’ అని మొహం మీదే అడిగేస్తుంది. మొదటిసారి విమానం ఎక్కినప్పుడు సీటు సీటుకీ వెళ్ళి అదే అడిగిందట. ఒకే విమానం, ఒకే ప్రయాణం, ఒక్కొక్కరిదీ ఒక్కో ధర! దిగీ దిగగానే తిన్నగా నా టికెట్ల దుకాణానికొచ్చి, నేనమ్మిన పాత టికెట్ల ధరలన్నీ కంప్యూటర్లోకి ఎక్కించడం మొదలుపెట్టింది.

“ఇదేం పిచ్చే?” అన్నాను.

“పిచ్చి కాదు బాబాయ్. ధర రేపు పెరుగుతుందో తగ్గుతుందో ఇవాళే చెప్పేస్తా చూడు.”

నేను పగలబడి నవ్వాను. పొద్దస్తమానం టికెట్లమ్మే నాకే తెలియనిది ఈ పిల్లకేం తెలుస్తుంది?

తెలిసింది! నా వెనకగదిలో, స్పాంజి బయటికొచ్చిన సోఫా మీద కూర్చుని వెబ్‌సైట్ తయారుచేసేసింది. ఎక్కడికి, ఏ రోజు వెళ్ళాలో కొడితే తెర మీద ఒక బాణం. ఎర్ర బాణం పైకి చూస్తే ధర పెరగబోతోంది, ఇప్పుడే కొనేయండి. పచ్చ బాణం కిందికి చూస్తే తగ్గబోతోంది, ఆగండి. అంతే. మొదట్లో నేను గుడ్డిదెబ్బ అనుకున్నాను. వారం తిరక్కుండా ఎదుటి మందుల షాపాయన సగం ధరకి టికెట్ కొని, వీధంతా టముకు వేశాడు. ఇక చూస్కోండి! పొద్దున్నే షట్టర్ ఎత్తుతూ ‘బాగున్నావా’ అనడం మానేసి, “బాణం ఎటు చూస్తోంది?” అని అరిచేవాడు. పేపర్లో మా పిల్ల ఫొటో పడింది. వెనకాల నా మోచెయ్యి కూడా పడింది. అది నాదేనని ఎంతమందికి చెప్పుకున్నానో లెక్కేలేదు.

మా అమ్మ సంబరం చెప్పనలవి కాదు. మొదట్లో ఒకే ఒక్క ప్రశ్న అడిగింది.

“అది సరేగానీ, నీ బాణానికి తెలియకపోతే ఏం చూపిస్తుందే?”

“తెలియకపోవడమంటూ ఉండదు నానమ్మా!”

“అయితే ఒట్టు. నేను విమానమంటూ ఎక్కితే, నీ బాణం చెప్పిన రోజే టికెట్ కొంటా.”

ఒక పెద్ద కంపెనీ వాళ్ళొచ్చి వెబ్‌సైట్‌ని కొనేశారు. మా పిల్లకి వాళ్ళ అద్దాల మేడలో ఉద్యోగం కూడా ఇచ్చారు. ఎగిరి గంతేశాం. కానీ విమానాలవాళ్ళు చేతులు ముడుచుకు కూర్చుంటారా? వాళ్ళూ మా బాణాన్నే చూస్తూ ధరలు పూటకోలా మార్చేశారు. బాణం తప్పడం మొదలైంది. మందుల షాపాయన పచ్చ బాణం చూసి ఆగాడు, ధర రెట్టింపైంది, నాతో మాటలు మానేశాడు. మధ్యలో నేనేం చేశానయ్యా!

సరిగ్గా అప్పుడే మా పిన్ని ఫోన్ చేసింది. పిన్ని అంటే అమ్మ చెల్లెలు, విమానమెక్కితే తప్ప చేరలేనంత దూరంలో ఉంటుంది. చూపు పోతోందట, ఇక నిలవదని డాక్టరు చెప్పేశాడట.

“ఫోన్లో బొమ్మలు నాకు ఆనడం లేదక్కా. పక్కన కూర్చుంటే ఇంకా కాస్త కనిపిస్తారు. ఒక్కసారి రావే, నీ మొహం చూసుకుంటా.”

“ఇవాళే టికెట్ తీసేస్తానమ్మా” అన్నాను.

“బాణం ఎటు చూస్తోంది?”

“కిందికే.”

“అయితే ఆగుదాం.”

మరుసటి వారమూ కిందికే. ఆ పై వారమూ కిందికే. ధరేమో పైపైకే! నాకు ఒళ్ళు మండిపోయింది.

“అమ్మా, ఆ బాణాన్ని ఇప్పుడెవరూ నమ్మడం లేదు!”

“అందుకే నేను నమ్మాలిరా. నేనూ మానేస్తే ఆ పిల్ల ఏమైపోతుంది?”

ఇక తట్టుకోలేక పిల్లకి ఫోన్ చేసి కడిగేశాను. “అక్కడ మా పిన్నికి చూపు పోతోంది, ఇక్కడ మీ నానమ్మ నీ బాణం పట్టుకుని కూర్చుంది. ఏం చేస్తావో చెయ్యి!”

మర్నాడు దుకాణం తెరిచేసరికి సంచీతో, దువ్వని జుట్టుతో గుమ్మంలో ఉంది. ఇంటికి తీసుకెళ్ళాను. నానమ్మ పక్కన కూర్చుని తలెత్తలేదు.

“దానికేమీ తెలియదు నానమ్మా. విమానాలవాళ్ళు మా వెబ్‌సైట్‌కి ధరలు ఇవ్వడం ఎప్పుడో ఆపేశారు. తెలియనప్పుడు కిందికి చూపించమని నేనే పెట్టాను. ఆగమంటే ఎవరికీ నష్టం ఉండదు కదా అనుకున్నా. ఇప్పుడు కంపెనీవాళ్ళు ఆ బాణాన్నే తీసేస్తున్నారు.”

చెబుతూ చెబుతూ ఏడ్చేసింది. అమ్మ కూడా ఏడుస్తుందేమోనని హడలిపోయాను. అమ్మ నెత్తి కొట్టుకుంది.

“ఓసి నీ అసాధ్యం కూలా! తెలియదని ఒక్క ముక్క అనుంటే ఎప్పుడో కొనేదాన్ని కదే!” అని నా వైపు తిరిగింది. “గుడ్లప్పగించి చూస్తావేంరా? తియ్యి టికెట్లు. రెండు. ఇదీ నాతో వస్తుంది.”

నా జన్మలో అంత ధరకి టికెట్ అమ్మలేదు. అయినా మీట నొక్కాను. పిల్ల కళ్ళు తుడుచుకుంటూ నా భుజం మీంచి తొంగిచూసింది.

“ఎంత బాబాయ్?”

“నోర్ముయ్!” అన్నాం అమ్మా నేనూ.

వాళ్ళు వెళ్ళాక దుకాణంలో కాలుగాలిన పిల్లిలా తిరిగాను. చూపు ఉందో, పోయిందో! చివరికి ఫోన్ మోగింది. పిల్ల అక్కడి మాటలు నాకు వినబడేలా ఫోన్ పట్టుకుంది. తలుపు తీసిన చప్పుడు. తర్వాత మా పిన్ని గొంతు.

“ఇదేమిటే అక్కా, ఇంత ముసలిదానివైపోయావు! జుట్టంతా ఏమైందే?”

చెప్పుల్లేకుండా రోడ్డు మీదికి పరిగెత్తాను. ఇన్నాళ్ళూ మాట్లాడని మందుల షాపాయన కంగారుగా ఎదురొచ్చాడు.

“ఏమైందయ్యా?”

“కనిపిస్తోందయ్యా!” అని అరిచాను. “మా అమ్మ జుట్టు ఊడిపోయిందని మా పిన్నికి కనిపిస్తోంది!”