రెండో ఎద్దు

మా పెద్దమ్మ పోయిందని పోయిన నెల ఒక బేస్తవారం వేంపల్లె సంతకొచ్చిన మా ఊరి మనిషి చెప్పాడు. చలిజ్వరమట. నేను వెళ్లేసరికి చితి చల్లారిపోయింది. చుట్టాలు వసారాలో కూర్చుని, "పుణ్యాత్మురాలు, ఎవురినీ పల్లెత్తు మాట అనలే" అనుకుంటున్నారు. నాకు ఒళ్లు మండింది. పెద్దమ్మ అనవలసిన వాళ్లను అనవలసినంతా అన్నది. ఆ మాటలు ఆమెతోపాటే కాలిపోకూడదని ఇది రాస్తున్నాను.

ఆమె మొగుడు, మా నాయనకు అన్న, చిన్నవయసులోనే పోతే, ఒక్క కూతుర్ని పెట్టుకుని ఆమె సేద్యం నిలబెట్టుకుంది. నల్లటి కర్రెద్దు, గోధుమరంగు పుల్లెద్దు అని ఆమెకు ఒక జత ఉండేది. నా చదువుకు గింజలిచ్చింది ఆ జత దున్నిన చేనే. గొడ్లు నీళ్లు తాగనిదే ఆమె సంగటి ముద్ద ముట్టేది కాదు. ఎవరైనా తొందరపెడితే, "మనకు నోరుండాది, అడుక్కుంటాం. వాటికేముండాది?" అనేది.

ఒక కరువు ఏడు పెద్ద అధికారి ఒకాయన మా ఊరి పక్కన డేరాలు వేశాడు. ఆయన గుర్రాలకు గడ్డి ఊరికే ఇమ్మని మనుషులొచ్చారు. మా గొడ్లకే లేదు, మీకెక్కణ్ణుంచి తెస్తామన్నారు ఊరివాళ్లు. డేరాలు ఎత్తేసిన మర్నాడు పోలీసులు దిగారు. మా పశువులు రిజర్వు అడవిలో పడి మేశాయట! కొండ మొహం చూడని వాటిని, గాటికి కట్టేసి ఉన్న వాటిని కూడా పలుపులు కోసి తోలుకుపోయారు. ఇది గడ్డి ఇవ్వనందుకు తీర్చుకున్న కసి అని మా ఊళ్లో చంటిపిల్లలకు కూడా తెలుసు.

ఊరంతా కలిసి కడపలో ఒక వకీలును పట్టుకుంది. అడవిలో పట్టుకున్నట్టు రుజువు లేదు, పశువులను యజమానులకు వెంటనే అప్పగించండని మేజిస్ట్రేటు ఉత్తరువిచ్చాడు. నకలు తీసుకుని నేరుగా, పట్టిన పశువులను పెట్టిన బందెలదొడ్డికి పోయాం. హెడ్డు కానిస్టేబులు దాని వంక చూడనైనా లేదు. ఠాణాకు తాఖీదు రావాలన్నాడు. తాఖీదు వస్తే ఇనస్పెక్టరు రావాలన్నాడు. దడి సందుల్లోంచి డొక్కలెండిన ఎడ్లు మాకు కనబడుతూనే ఉన్నాయి. పెద్దమ్మ ఇంటినుంచి జొన్నచొప్ప మోపు నెత్తిన పెట్టుకొస్తే కాపలావాడు అడ్డం నిలిచాడు.

"లోపలికి మేత వేయమని ఉత్తరువు లేదమ్మా."

"వాటికి ఆకలి కమ్మని ఎవురిచ్చిన్యారప్పా ఉత్తరువు?" అంది పెద్దమ్మ.

ఆ మోపు దడి బయటే పడి ఎండింది. విడిచిపెట్టమన్న ఉత్తరువు మా చేతిలో ఉండగానే లోపల కర్రెద్దు చచ్చింది. 

చివరికి ఒకనాడు విడిచిపెడుతున్నామన్నారు. ఒక్కొక్కరే వేలిముద్ర వేసి తమ పశువులను తోలుకుంటున్నారు. పెద్దమ్మ వంతు రాగానే రసీదు నన్ను చదవమంది. "జత ఎద్దులు క్షేమముగా ముట్టినవి" అని ఉంది.

"ఏమప్పా, జత యాడుండాది? ఈడ పుల్లెద్దు ఒకటే ఉండాది," అంది హెడ్డుతో.

"రెండోది చచ్చిపోయింది గదమ్మా. దేవుడి పని. ముద్ర వేసి దీన్ని తోలుకపో."

"చచ్చిపోలే. కడుపు మాడ్చి మీరు చంపినారు. కోర్టు రెండెద్దులు ఇమ్మనింది. బతికుండేదే ఇమ్మని రాసినారా? రెండోది గూడా ఇయ్యి."

"చచ్చిన గొడ్డు నీకెందుకమ్మా?"

"మా చేను దున్నిన ఎద్దు. మా చేన్లోనే పూడుస్తాం. మీ మాదిరి కుక్కలకెయ్యం."

మా వైపు దుక్కిటెద్దు చస్తే పసుపు కుంకుమ పెట్టి సొంత చేనులో పూడుస్తాం. హెడ్డుకు తెలియక కాదు, వాడూ ఈ సీమవాడే.

వెనక ఉన్నవాళ్లు గొణిగారు. "నీ పంతానికి మా గొడ్లు గూడా ఈడనే చస్తాయక్కా!"

"మీరు తోలుకపోండప్పా. మీవి నిలబడుకోని ఉండాయి. నాది పండుకోని ఉండాది," అని పక్కకు జరిగి, దొడ్డి వాకిట్లోనే కూర్చుంది. లోపల పుల్లెద్దు తూలుతోంది. అదీ పోతే ఇక సేద్యం లేదు, ఇల్లు గడవదు. ఆ సంగతి అందరికన్నా ఆమెకే బాగా తెలుసు. అయినా వేలు చాపలేదు.

పొద్దు వాలేసరికి, పశువులు దొరికినవాళ్లు కూడా కొందరు ఇంటికి పోకుండా ఆమె చుట్టూ నిలబడ్డారు. అంతమందిని చూసి హెడ్డు పళ్లు కొరుక్కుంటూ పాతమాట కొట్టేసి, "ఒకటి ముట్టినది, ఒకటి చచ్చినది" అని రాశాడు.

"యాడ చచ్చిందో గూడా రాయప్పా," అంది.

బందెలదొడ్డిలో అని రాశాడు. నేను చదివి వినిపించాకనే ముద్ర వేసింది.

కర్రెద్దును అప్పటికే దొడ్డి వెనక వాగువంకలో పారేశారు. తోలు ఎవరో ఒలుచుకుపోయారు. ఎర్ర రంగు వేసిన కొమ్ములతో తల మిగిలింది. పెద్దమ్మ కొంగు చింపి దాన్ని చుట్టి నెత్తిన పెట్టుకుని, పుల్లెద్దు పలుపు పట్టుకుని ఊరిదాకా నడిచింది. నేను మోస్తానంటే ఇవ్వలేదు.

ఆ తర్వాత పై వాళ్లకు అర్జీ పెట్టాం. ఏమీ కాలేదు. హెడ్డుకు పై ఉద్యోగం కూడా వచ్చిందట. "ఎద్దు పుండు కాకికి ముద్దా?" అని ఊరుకుంది పెద్దమ్మ. కానీ ఎవరైనా మాటల్లో, మీ ఎద్దు చచ్చిపోయిన ఏడు అంటే మాత్రం ఊరుకునేది కాదు. పెళ్లిపందిట్లోనైనా సరే, "చచ్చిపోలే, చంపినారు" అని దిద్దేది. మావాళ్లు కొందరు ఆ మాటకు విసుక్కునేవాళ్లు. నాకు మాత్రం ఆమె నేర్పిన చదువు అదే.

పెద్దదినం కర్మ ముగిశాక చేనికి పోయాం. మడక కట్టి దున్నుతున్నారు. చేను నడుమ కర్రెద్దు తలను పూడ్చిన దిబ్బ ఉంది. పెద్దమ్మ బతికున్నన్నాళ్లూ దాని మీద మడక పోనివ్వలేదు. ఇక ఈ చేను చూసుకోవలసిన అల్లుడు దాన్ని కాలితో తట్టి, "ఎప్పుడో చచ్చిపోయిన ఎద్దుకు ఇంత చోటెందుకు? చదును చేస్తే పోలా?" అన్నాడు.

పెద్దమ్మ కూతురు వచ్చి దిబ్బ పక్కన నిలబడింది.

"చచ్చిపోలే," అంది. "చంపినారు."

అల్లుడు కాలు తీశాడు. మడక పట్టినాయన దిబ్బ దగ్గరికి రాగానే ఎడ్లను పక్కకు అదిలించాడు. సాలు వంగి, దిబ్బను చుట్టి, మళ్లీ తిన్నగా సాగింది.